వరుని మధుపర్కములు - వర్ణసంయోజనము

నేడు మా రాజపాళయమున పెండ్లిబట్టలు కొనుట రెండు మూడు దినముల పనియైనది. వధువు పట్టుచీర యంచును వరుని యుత్తరీయపు టంచుతో సరిపోల్చుటకై యిరుపక్షములవారును మదురకు, ఒక్కొక్కప్పుడు కాంచీపురమునకును పోవుచున్నారు. ఇట్టి దినములలో నొకనాడు నా తరగతిలో "మధుపర్కములనగా నేమి?" అని యడిగితిని. ఒక బాలిక "మాప్పిళ్ళైకి కట్టే పసుపంచు పంచె" అని తడుముకొనక చెప్పెను. వ్రాయుమనగా తమిళాక్షరములలో వ్రాసెను. ఆ లిపిలో ధకారమునకు వేరక్షరము లేదు. పదము నోట నున్నది, చేతికి రాలేదు. ఆ బాలిక ప్రత్యుత్తరమే యీ వ్యాసమునకు మూలము.

మధుపర్కమనునది మొదట వస్త్రము పేరు కాదు. గృహ్యసూత్రముల ననుసరించి, యింటికి వచ్చిన పూజ్యుడైన యతిథికి తేనె, పెరుగు మున్నగువానిని కలిపి యొసగు నుపచారమునకు మధుపర్కమని పేరు. వివాహదినమున వరుడును అట్టి యతిథియే. ఆ సమయమున కన్యాదాత యొసగు నూతనవస్త్రములకు తెలుగువారు ఆ యుపచారము పేరే పెట్టుకొనిరి. క్రమముగా వధువు కట్టు తెల్లచీరకును ఆ పేరే చెల్లినది. కావున మధుపర్కములు ధరించుట యలంకారము మాత్రమే కాదు, గౌరవమును స్వీకరించుట.

ఇక వర్ణముల విషయము. మధుపర్కములకు ఆధారము తెల్లని నూలుబట్ట. దాని యంచులకు పసుపు. పసుపుకొమ్ములోని రంగు పటిక మొదలగు వాని సాయము లేకయే నూలునకు పట్టును. ఆ పసుపునకే సున్నము కలిపిన నెఱ్ఱనగును. కాళ్లకు దిద్దు పారాణి యదియే. కుంకుమయు పూర్వము పసుపునుండియే సిద్ధమగుచుండెను. తెలుపు, పసుపు, ఎఱుపు అను మూడింటిలో తెలుపు ప్రత్తిది. తక్కిన రెండును ఒకే కొమ్మునుండి పుట్టినవి. వరుని పంచె యంచు, వధువు చీర యంచు, మంగళసూత్రపు దారము, తలంబ్రాల బియ్యము - అన్నియు ఒకే పసుపున తడిసినవి. వానిని సరిపోల్చుటకు వేరొక ప్రయత్న మక్కఱలేకుండెను. అయితే ఆ రంగు నిలుకడ లేనిది. ఎండకు వెలియును, చాకలిసోడా తగిలిన నెఱ్ఱబాఱును. నిత్యధారణకు గాక శుభదినమునకే యేర్పడిన రంగది.

మన పూర్వులకు వేరు వేషములు తెలియకపోలేదు. విజయనగర కాలపు కొలువులలో కుళ్లాయి, కబాయి అనునవి గౌరవచిహ్నములు. ఈ పదములు పారసీ, అరబ్బీ భాషలనుండి వచ్చినవి. లేపాక్షి చిత్రములలో పొడవైన కుళ్లాయిలు ధరించిన పురుషులను నేటికిని చూడవచ్చును. 1520 ప్రాంతమున వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు పేయిస్ శ్రీకృష్ణదేవరాయలను దర్శించి, ఆయన బంగారు గులాబీలు కుట్టిన తెల్లని వస్త్రములు ధరించియుండెననియు, తలపై జరీ టోపీ యుండెననియు, పాదరక్షలు లేవనియు వ్రాసెను. తిరుమలలోని రాయల లోహప్రతిమకు శిరమున కుళ్లాయి యున్నది కాని, మేన కబాయి లేదు. కొలువునకు తగిన యంగీ దేవుని యెదుట పనికిరాదన్నమాట. ఇందుండి నాకు తోచునది యిది: వరుని వేషమును రెండు భాగములుగా చూడవలెను. ఊరేగింపు వేషము లోకమునకు. పీటలమీది వేషము దైవమునకు. మొదటిది కాలముతో మాఱుచు వచ్చినది. కుళ్లాయి పోయి తలపాగా, తలపాగా పోయి కోటు, నేడు షేర్వాణీ వచ్చినవి. రెండవది మాఱలేదు.

విజయనగర, మదుర నాయకుల కాలములనుండి తెలుగు కుటుంబములు దక్షిణమునకు తరలివచ్చినవి. రాజపాళయపు రాజుల పూర్వులు అట్టివారే. ఈ ప్రాంతము ప్రత్తికి పేరు పొందినది; 1936లో రాజపాళయం మిల్లు స్థాపితమయ్యెను. 1921 సెప్టెంబరు 22న గాంధీజీ కొల్లాయి ధరించినది సమీపమున నున్న మదురలోనే. 1927లో ఖద్దరు యాత్రలో ఆయన మా యూరికిని వచ్చెను. మదరాసు ముఖ్యమంత్రిగా 1949 మొదలు 1952 వఱకు పనిచేసిన పి.ఎస్. కుమారస్వామిరాజాగారు ఈ యూరివారే, గాంధేయులే. ఖద్దరు నమ్మిన తెలుగు గృహములలో వరునికి క్రొత్త వేషము వెదుకవలసిన పని లేకపోయెను. తెల్లని ఖద్దరు పంచెకు పసుపంచు దిద్దినచో నదియే మధుపర్కము.

2006నాటి తమిళనాడు చట్టముచే తమిళము బడులలో నిర్బంధ పాఠ్యమైనది. తమిళము మాకు అన్నము పెట్టిన భాష. దానిపై నాకు ఫిర్యాదు లేదు. కాని నోట మాత్రమే నిలిచిన మాట ఒక తరము మౌనము వహించిన నశించును. పట్టంచులు సరిపోల్చుటకు మూడు దినములు వెచ్చించు పెద్దలు మఱియొక గడియ వెచ్చించి, పెండ్లిబట్టల పట్టీని తెలుగక్షరములలో వ్రాయింతురుగాక. ఆ పట్టీలో మొదటి పంక్తి మధుపర్కములు కావలెను. దానిని ఇంటి పిల్లలచేతనే వ్రాయించిన మఱింత మేలు. పసుపు వెలిసినను వ్రాత నిలుచును.