మొగిలి కనుమ మీది గోర్‌బోలీ

పహాడీ యను పేరు విన్నంతనే మనకు హిమాలయములు తోచునే కాని, ఆ కొండపలుకులకు దాయాదియైన భాష యొకటి మదనపల్లె, తంబళ్లపల్లె దిక్కుల తాండాలలో నేటికిని వినవచ్చుచున్నదని తిరుపతి, చిత్తూరు చదువరులలో బహుకొద్దిమందికే తెలియును. మనము సుగాలీలనియు, తెలంగాణమువారు లంబాడీలనియు పిలుచు జనుల భాష యది. వారు తమను గోర్ జనులనియు, తమ పలుకును గోర్‌బోలీ యనియు చెప్పుకొందురు.

పహాడీ యనగా ఒక్క భాష కాదు. పడమట మండీ, కుల్లూ, చంబా లోయల మాండలికములు, నడుమ గఢ్వాలీ, కుమావూనీలు, తూర్పున నేపాలీ, ఇవన్నియు ఆ శాఖలోనివే. పూంఛ్, రాజౌరీలలో పహాడీ యనబడునది మాత్రము పడమటి పంజాబు పలుకులకు చేరువ. భారత భాషా సర్వేక్షణమును నడిపిన జార్జి గ్రియర్సన్, 1916లో వెలువరించిన పహాడీ సంపుటములోనే గుజ్జరుల గూజరీని కూడ చేర్చి, ఈ కొండపలుకులకు రాజస్థానీతో గాఢమైన చుట్టరికము కలదని వాదించెను. సుగాలీల బోలీ పుట్టినది ఆ రాజస్థానీ శాఖయందే. ఉన్నదను అర్థమున నేపాలీవాడును, కుమావూనీవాడును ‘ఛ’ యన్నట్లే, మన తాండాలోని ముదుసలియు ‘ఛ’ యనును.

మార్వాడము విడిచిన ఈ జనులు మొగలు సేనల వెంట దక్కనుకు దిగివచ్చిరని చెప్పుదురు. సముద్రతీరపు ఉప్పును పెరికెద్దులపై కనుమలెక్కించి పీఠభూమికి చేర్చుటయు, తిరుగుదారిలో ధాన్యము దించుటయు వారి వృత్తి. ఆ పెరికెలు యుద్ధములందును అక్కరకు వచ్చెను. 1791 ఫిబ్రవరిలో ఇంగ్లీషు సేనాని కారన్‌వాలీసు, మైసూరు టిప్పూ సుల్తాను కన్నుగప్పి, చిత్తూరు పడమటనున్న మొగిలి కనుమ నెక్కి బెంగుళూరును పట్టుకొనియు, ఆ వేసవిలో శ్రీరంగపట్టణము ముంగిట తిండిగింజలు కరవై వెనుదిరుగవలసివచ్చెను. మరుసటి సంవత్సరము మరల దండెత్తినపుడు అతని సేనకు అన్నము పెట్టినవారిలో, బంజారాలనియు పిలువబడు ఈ జనులు ముఖ్యులు. యుద్ధచరిత్రలు సేనానుల పేర్లను పదిలముగా వ్రాసికొన్నవి. ఎద్దులను తోలిన నాయకుల పేర్లు వానిలో వెదకినను దొరకవు. 1860ల దశకమున మద్రాసు రైల్వే రేణిగుంట మీదుగా సాగుటతో, పెరికెల వర్తకము కుప్పగూలి, సంచారులు తాండాలలో స్థిరపడి కట్టెలకును, కూలికిని మరలిరి.

వారి గురువు సేవాలాల్ 1739లో అనంతపురము సీమలో గుత్తి చేరువ జన్మించెనని సంప్రదాయము. 1843 మొదలు 1933 వరకు తిరుమల ఆలయమును నిర్వహించిన మఠమునకు మూలపురుషుడైన హాథీరాం బావాజీ సైతము తమవాడేయని సుగాలీల నమ్మకము. తిరుపతి వచ్చు బంజారాలకు ఆ మఠమన్న అంత అభిమానము అందుకే.

గ్రియర్సన్ సర్వే మద్రాసు రాజధానిలో జరుగలేదు. కాబట్టి మన సీమలోని సుగాలీ పలుకు ఆ మహాగ్రంథములోనికి ఎక్కలేదు. లెక్కలలోనైనను దానికి స్వంత గూడు లేదు: 2011 జనగణనలో లంబాడీ మాతృభాషగా చెప్పినవారు 32 లక్షలకు పైబడియు, పహాడీ యని చెప్పినవారును ఇంచుమించు అంతేయై యుండియు, ఉభయులును హిందీ పద్దులోనే కలుపబడిరి. నేపాలీకి 1992లో, డోగ్రీకి 2003లో రాజ్యాంగపు ఎనిమిదవ షెడ్యూలులో చోటు దొరకెను, వీనికి దొరకలేదు. పశ్చిమ పహాడీలకు ఒకప్పుడు టాక్రీ లిపియైన నుండెను. గోర్‌బోలీ మాత్రము ఇక్కడ తెలుగు లిపిని, కర్ణాటకమున కన్నడమును, మహారాష్ట్రమున నాగరిని ఎరువు తెచ్చుకొనుచున్నది.

తాండా బిడ్డలు తెలుగు బడులలో చదివి, తెలుగు మాటలు కలిపియే తల్లిని ‘యాడీ’ యని పిలుచుచున్నారు. అందు తప్పేమియు లేదు. కాని పెండ్లికూతురు పుట్టినిల్లు వీడుచు ఏడ్చి పాడు ఢావ్‌లో పాటలు రానురాను పెద్దవారి నోళ్లకే పరిమితమగుచున్నవి. అద్దాల పావడాలను ఫోటోలు తీయుటకు మూగువారే కాని, ఆ పావడా కట్టినామె ఏమి పాడుచున్నదని అడుగువారు మనలో అరుదు.

కుప్పములో 1997లో వెలసిన ద్రావిడ విశ్వవిద్యాలయమునకు, ఇది ద్రావిడ భాష కాదను సంకోచము తగదు. ఇరుగుపొరుగు భాషను ఎరుగుటయు విద్యయే. ఆ విశ్వవిద్యాలయమును, తిరుపతిలోని శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయమును చేయి కలిపి, ఈ తాండాల ముదుసళ్ల కథలను, పాటలను వారి మనుమలచేతనే వ్రాయించి, తెలుగు లిపిలో అచ్చొత్తింపవలెను.