సంఖ్యానామం, చిల్లుల అట్ట: ప్రోగ్రామబుల్ కాలిక్యులేటర్ నామవిచారం

హ్యూలెట్-ప్యాకార్డ్ సంస్థ 1972లో వెలువరించిన చేతి కాలిక్యులేటర్‌కు హెచ్‌పీ-35 అని పేరు. 35 మీటలు ఉన్నందున ఆ అంకె వచ్చింది. 1974 నాటి హెచ్‌పీ-65కూ మీటలు 35 మాత్రమే. రెండేళ్లకే సూత్రం సడలిందన్నమాట. అసలు భేదాన్ని ఏ అంకె కూడా సూచించదు. హెచ్‌పీ-65 నూరు ఆదేశాల వరుసను గుర్తుంచుకొని అమలుచేయగలదు. విద్యుత్తు ఆపితే ఆ వరుస చెరిగిపోతుంది. చిన్న అయస్కాంతపు అట్టపై నమోదు చేసుకొంటే మళ్లీ ఎక్కించుకోవచ్చు.

యంత్రం వేరు, ఆదేశం వేరు అన్న ఈ ఊహ మన ప్రాంతానికి కొత్తది కాదు. హిందూపురం, పెనుకొండ ప్రాంతాలు పట్టుగూళ్లకు పేరొందినవి, ధర్మవరం పట్టుచీరకు. అక్కడి జాకార్డు మగ్గంపై చిల్లుల అట్టలు దండగా కుట్టి ఉంటాయి. చిల్లున్నచోట పడుగుపోగు లేస్తుంది, లేనిచోట లేవదు. దండ మార్చితే అంచు మారుతుంది, మగ్గం అదే. చార్లెస్ బాబేజ్ 19వ శతాబ్దిలో తన అనలిటికల్ ఇంజిన్‌కు ఈ అట్టలనే ఎంచుకొన్నాడు.

పోలికను అతిగా సాగదీయరాదు. అట్టల దండ వరుస తప్పదు. హెచ్‌పీ-65 రెండు విలువలను పోల్చి, ఫలితాన్ని బట్టి దారి మార్చుకోగలదు. ‘గణనయంత్రం’ అన్న తెలుగుమాటలో ఈ గుణానికి చోటు లేదు; ‘ప్రోగ్రామబుల్’ను యథాతథంగా ఉంచుకోవడమే మేలని నా అభిప్రాయం.

నామవిషయంలో మరొక విశేషముంది. చదివించిన అట్టను పైవరుసలోని ఎ నుంచి ఇ వరకు గల అయిదు మీటల పైభాగాన అమర్చేవారు. ఆ అట్టపై వినియోగదారు రాసుకొన్న మాటలే ఆ మీటలకు పేర్లయ్యేవి.