చూసి రమ్మన్న విమానం

పొతేజ్ 637 పాత ఫొటో ఎప్పుడు చూసినా చూపు దాని పొట్ట దగ్గరే ఆగిపోతుంది. రెండు ఇంజన్ల ఫైటర్ అది, సన్నగా చురుగ్గా ఉంటుంది. కానీ పొట్ట కింద గాజు కిటికీల తొట్టె ఒకటి వేలాడుతుంటుంది, ఎవరో ఆ తర్వాత తెచ్చి అతికించినట్టు. పరిశీలకుడు అందులోకి దిగి, బోర్లా పడుకుని, కిందికి చూస్తూ పని చేసుకోవాలి. ముఖానికి ఎదురుగా గాజు, ఆ గాజు కింద జారిపోతున్న రోడ్లు, రైలు పట్టాలు, వంతెనలు.

నిజంగానే అది తర్వాత అతికించిందే. 1930ల చివరికొచ్చేసరికి ఫ్రెంచి వైమానిక దళానికి వేగంగా వెళ్ళే నిఘా విమానం లేదు. యుద్ధం గుమ్మం దాకా వచ్చింది. కొత్తది గీసి తయారు చేసే వ్యవధి లేక, చేతిలో ఉన్న ఫైటర్‌కే ఒక కన్ను తగిలించి, సుమారు 60 విమానాలు సిద్ధం చేసుకున్నారు.

ఇది ఏదో చిన్న దేశం కథ అయితే పెద్దగా పట్టించుకోనక్కర్లేదు. కానీ ఆకాశం నుంచి శత్రువును చూడడం ప్రపంచానికి నేర్పింది ఫ్రాన్సే. 1794లో ఫ్లర్యూస్ యుద్ధంలో బెలూను ఎగరేసి, అందులోంచి ఆస్ట్రియా సేనల కదలికలు కనిపెట్టారు ఫ్రెంచి విప్లవ సైనికులు. 1914 సెప్టెంబరులో జర్మన్ సేనాని క్లుక్ తన సైన్యాన్ని పారిస్ మీదికి కాకుండా నగరానికి తూర్పుగా మళ్ళించాడు. ఆ మలుపును పైనుంచి పసిగట్టింది విమానాలే. ఆ కబురు అందుకున్న పారిస్ సైనిక గవర్నరు గలియేని దాన్ని నమ్మాడు. జర్మన్ సైన్యం పక్కభాగం తెరుచుకుందని గ్రహించి వెంటనే దెబ్బ తీయాలని పట్టుబట్టాడు. మార్న్ యుద్ధం అలా మొదలైంది, పారిస్ దక్కింది. నమ్మాడు అన్న మాటను పాఠకులు కాస్త గుర్తు పెట్టుకోవాలి.

మొదటి ప్రపంచ యుద్ధం నాలుగేళ్ళు సాగేసరికి ఫ్రెంచివాళ్ళు గగనతల ఫొటోగ్రఫీని ఒక శాస్త్రంగా మార్చేశారు. 26, 50, 120 సెంటీమీటర్ల ఫోకల్ లెంగ్తులతో మూడు రకాల కెమెరాలు వాడేవారు. మూడోది దాదాపు నాలుగు అడుగుల పొడవుండే డబ్బా. ఫిల్ము కాదు, గాజు పలకలు. చలికి మొద్దుబారిన చేతులతో, ఊగిపోయే విమానంలో ఒక్కో పలక మార్చుకుంటూ ఫొటోలు తీయాలి. కిందికొచ్చాక వాటిని కడిగి, ప్రింట్లు పక్కపక్కన అతికించి, గడ్డి మీద బండి చక్రాల జాడ ఎక్కడ ఆగిందో వెతికేవారు. జాడ ఆగిన చోట ఫిరంగి దాగుంటుంది. సీత జాడకు సాక్ష్యంగా హనుమ చూడామణి తెచ్చినట్టు, ఈ పని చేసేవాళ్ళు తెచ్చే చూడామణి ఆ గాజు పలక.

దాన్ని మోసుకొచ్చిన విమానాల్లో చెప్పుకోదగ్గది బ్రెగె 14. 1916 నవంబరులో తొలిసారి ఎగిరింది. అప్పటి విమానాలు చాలావరకు కర్రతో, గుడ్డతో కట్టినవైతే, లూయీ బ్రెగె దీని అస్థిపంజరానికి డ్యురాల్యుమిన్ అనే తేలికపాటి అల్యూమినియం మిశ్రమ లోహాన్ని విరివిగా వాడాడు. పరిశీలన పనికి వాడే రకానికి ఎ2 అని, బాంబులు వేసే రకానికి బి2 అని గుర్తులు. మొత్తం మీద దాదాపు 8,000 తయారయ్యాయి. యుద్ధం ముగిసిన రోజున ఫ్రాన్స్ దగ్గర ప్రపంచంలోకెల్లా పెద్ద వైమానిక దళాల్లో ఒకటి ఉంది.

చిక్కు అక్కడే మొదలైందని నా అభిప్రాయం. గోదాముల నిండా విమానాలున్నప్పుడు, ఖజానా ఖాళీగా ఉన్నప్పుడు, కొత్తవి ఎందుకని ఎవరైనా అడుగుతారు. బ్రెగె 14 మొరాకోలో, సిరియాలో ఏళ్ళ తరబడి ఎగురుతూనే ఉంది. దాని వారసుడు బ్రెగె 19 1922లో వచ్చింది. 1920ల మధ్యలో పొతేజ్ 25 వచ్చింది. రెండూ గట్టి విమానాలు, రెండూ వేల సంఖ్యలో తయారై ఎన్నో దేశాలకు వెళ్ళాయి. రెండూ ఎ2 పద్ధతిలో పుట్టినవే: ముందు పైలట్, వెనక తెరిచిన గదిలో పరిశీలకుడు, అతని చేతికి ఒక తుపాకీ, ఒక కెమెరా.

ఆ రోజుల్లో వీటికి ఎంత పేరో ఇప్పుడు ఊహించడం కష్టం. 1924లో పెల్తియే ద్వాజీ అనే ఫ్రెంచి అధికారి బ్రెగె 19 ఎక్కి పారిస్ నుంచి తూర్పుకు బయల్దేరాడు. కరాచీ, ఆగ్రా, కలకత్తాల మీదుగా వెళ్ళి షాంఘైలో విమానం విరగ్గొట్టుకున్నాడు. అయినా ఆగక మరో విమానం సంపాదించి టోక్యో చేరాడు. 1930 సెప్టెంబరు 1న ద్యూదొన్నె కోస్ట్, మోరీస్ బెల్లోంత్ ఎర్ర రంగు వేసిన బ్రెగె 19లో పారిస్ దగ్గరి లె బూర్జె నుంచి లేచి, 37 గంటల 18 నిమిషాల తర్వాత న్యూయార్క్‌లో దిగారు. దాని ఒంటి మీద తెల్లటి ప్రశ్నార్థకం గుర్తు. శత్రు కందకాల మీద చక్కర్లు కొట్టడానికి పుట్టిన విమానానికి అదనపు పెట్రోలు ట్యాంకులు బిగిస్తే అట్లాంటిక్‌ను పడమటి దిక్కుగా దాటేసింది.

అయితే ఈ తరం విమానాలు చేసిన పనుల్లో నన్ను అన్నిటికన్నా కదిలించేది సిరియా ఎడారిలో జరిగింది. ఆంత్వాన్ ప్వాదెబార్ జెస్యూట్ పాదిరీ. 1925 నుంచి ఏడెనిమిదేళ్ళ పాటు ఆయన ఫ్రెంచి సైనిక విమానాల్లో వెనక సీట్లో కూర్చుని సిరియా ఎడారి మీద తిరిగాడు. వెతికింది శత్రువును కాదు, రోమన్ సామ్రాజ్యపు తూర్పు సరిహద్దును. ఆ కోటలు, రోడ్లు ఇసుకలో కలిసిపోయి శతాబ్దాలు గడిచాయి. నేల మీద నడిచేవాడికి అక్కడ ఉన్నది మట్టిగడ్డలే. మిట్టమధ్యాహ్నం పైనుంచి చూసినా అంతే, అంతా ఒకటే తెలుపు.

తెల్లవారుజామునో సందె పొద్దునో ఎగరాలని ఆయన పట్టుకున్నాడు. పొద్దు దిగువన ఉంటే నేల మీద జానెడు ఎత్తున్న దిబ్బ కూడా బారెడు నీడ వేస్తుంది. ఆ నీడలన్నీ కలిసి ఒక్కసారిగా గీతలవుతాయి: చతురస్రంగా కోటగోడ, మూలల్లో బురుజులు, నడుమ వాకిలి, వాకిట్లోంచి తిన్నగా దిగంతం దాకా సాగే రోడ్డు. కొన్ని నిమిషాలకే పొద్దు పైకి వస్తుంది, కోట మళ్ళీ మట్టిలో కలిసిపోతుంది. ఆలోపే ఫొటో తీయాలి. పైనుంచి చూసిన చోటికి తర్వాత నేల మీద వెళ్ళి తవ్వి సరిచూసుకునేవాడు. 1934లో ఆయన అచ్చేసిన ఫొటోల సంపుటాలు చూసినవాళ్ళకు నిఘా అంటే ఏమిటో ఇంకొకరు చెప్పనక్కర్లేదు. సరైన వేళకు, సరైన ఎత్తులో, ఓపిగ్గా, చూడడం తప్ప మరో పని పెట్టుకోకుండా చూడాలి.

మరో పని పెట్టుకోకుండా అన్నచోటే ఫ్రెంచి సైన్యం తడబడింది. సేనాధిపతుల మనసులో ఇంకా 1918 నాటి యుద్ధమే ఉంది: కదలని సరిహద్దు రేఖ, దాని వెనక ఫిరంగులు, గుండ్లు ఎక్కడ పడుతున్నాయో చెప్పడానికి పైన ఒక విమానం. కాబట్టి ప్రతి కోర్ కమాండరూ తన సొంత పరిశీలక విమానాలు తన చేతి కిందే ఉండాలని కోరుకున్నాడు. అవి ఎక్కువ దూరం వెళ్ళనక్కర్లేదు, వేగమూ అక్కర్లేదు. ఆ అవసరానికే లె మ్యూరో 113, 115, 117 వరస వచ్చింది. పూర్తి లోహంతో కట్టి, రెక్కను ఒంటి మీద గొడుగులా నిలబెట్టిన విమానాలు. 1930ల మొదట్లో ముచ్చటైనవే. చక్రాలు మాత్రం లోపలికి ముడుచుకోవు. 1939లో యుద్ధం మొదలైనప్పుడు కూడా పరిశీలక దళాల్లో ఇవి పెద్ద సంఖ్యలోనే ఉన్నాయి. అప్పటికి గంటకు 550 కిలోమీటర్లకు పైగా దూసుకొచ్చే మెస్సర్‌ష్మిట్ 109లు ఎదురుగా ఉన్నాయి.

ఇంకో పొరపాటు ఇంతకన్నా పెద్దది. 1933లో వైమానిక దళం భూసేన నుంచి విడివడి స్వతంత్ర దళమైంది. కొత్త దళానికి తన ఉనికి నిరూపించుకోవాలన్న తపన సహజం. గాలిలోంచి బాంబులతోనే యుద్ధాలు గెలవొచ్చన్న ఇటలీ సేనాని డుహే సిద్ధాంతం అప్పుడు గాలిలోనే ఉంది. బాంబర్లు కావాలంటే భూసేన ఒప్పుకోదు, దానికి నిఘా కావాలి. మధ్యేమార్గంగా బిసిఆర్ అనే తరహా పుట్టింది. బాంబింగు, పోరు, సమాచార సేకరణ అన్న మూడు ఫ్రెంచి మాటల తొలి అక్షరాలు అవి. మూడూ చేసే ఒకే విమానం.

మన సామెతలో హనుమను లంక చూసి రమ్మంటే కాల్చి వచ్చాడు. ఆయన హనుమ కాబట్టి చెల్లింది. ఇక్కడ ముందే చూసి, కొట్టి, కాల్చి మరీ రమ్మని పంపారు. ఆ కోవలో పేరుపడ్డది పొతేజ్ 540. 1933 నవంబరులో ఎగిరింది. నలుగురైదుగురు మనుషులు, ముక్కు దగ్గర, వీపు మీద, పొట్ట కింద తుపాకీ గూళ్ళు, వాటి మధ్య బాంబులు, కెమెరా. ఇంత మోసుకుని గంటకు 300 కిలోమీటర్లు మాత్రం దాటేది. మూడేళ్ళకే స్పెయిన్ అంతర్యుద్ధంలో, ఫ్రెంచి రచయిత ఆంద్రే మాల్రో నడిపిన దళంతో సహా, గణతంత్ర పక్షం దీన్ని వాడింది. కొత్త ఫైటర్ల ముందు నిలవలేకపోయింది, ఎగిరే శవపేటిక అన్న పేరు తెచ్చుకుంది. అందులో కూర్చున్నవాళ్ళ ధైర్యానికి లోటు లేదు. మూడు పనులు ఒక్కదాని నెత్తిన పెట్టినవాళ్ళు ఆ విమానంలో లేరు.

నౌకాదళం తన సంగతి తాను చూసుకుంది. యుద్ధనౌకల మీంచి ఎగరేసే లువార్ 130 నీటివిమానాలు దానికి ఉండేవి. స్యుర్కూఫ్ అనే భారీ జలాంతర్గామి అయితే ఒక చిన్న బెస్సోన్ విమానాన్ని విడదీసి తన పెట్టెలో పెట్టుకుని సముద్రం అడుగుకు తీసుకెళ్ళేది.

1936లో సైనిక విమాన కర్మాగారాలను ప్రభుత్వం జాతీయం చేసింది. ఆ సర్దుబాట్ల మధ్య చేతిపనిలా సాగే చిన్న కార్ఖానాలను ఒక దారికి తేవడానికి సమయం పట్టింది. అదే ఏడు ఎగిరిన బ్లోక్ 131 చూడ్డానికి ఆధునికమైనదే కానీ, యుద్ధం మొదటి వారాల్లోనే దెబ్బలు తిని పగటిపూట పనికి దూరమైంది. పొతేజ్ 637 అతుకును సరిదిద్ది 63.11 చేశారు. ఇందులో పరిశీలకుడు పడుకోనక్కర్లేదు, ముక్కు దగ్గర గాజు గదిలో కూర్చుంటాడు, పైలట్ అతని వెనక ఎత్తులో. చూపు బాగుపడింది, వేగం 425 కిలోమీటర్ల దగ్గరే ఆగిపోయింది. 700కు పైగా తయారైన ఈ విమానమే 1940 పోరులో ఫ్రెంచి విమానాలన్నిటిలోకీ ఎక్కువగా నేలకూలింది, 200 దాటి.

చివరికి సరైనది వచ్చింది. మార్సెల్ బ్లోక్ పేరు మీద వచ్చిన బ్లోక్ 174 1939 జనవరిలో ఎగిరింది. గంటకు 530 కిలోమీటర్లు. బాగా పై ఎత్తుకు చేరుకుంటే జర్మన్ ఫైటర్లకు దాన్ని అందుకోవడం కష్టమయ్యేది. పదిహేనేళ్ళుగా కావలసింది ఇదే. కానీ పనిలోకి దిగేసరికి 1940 మార్చి అయింది. యాభై పైచిలుకు తయారయ్యాక కర్మాగారం దాని బాంబర్ రూపమైన బ్లోక్ 175 వైపు మళ్ళింది. మళ్ళీ అదే కథ.

ఈ బ్లోక్ మనకు కొత్తవాడు కాదు. జర్మన్లకు విమానాలు చేసిపెట్టనని నిరాకరించి, బూకెన్‌వాల్డ్ నిర్బంధ శిబిరానికి వెళ్ళి ప్రాణాలతో తిరిగొచ్చాడు. యుద్ధం తర్వాత ఇంటిపేరు దసోగా మార్చుకున్నాడు. మన వాయుసేన తూఫానీల నుంచి రఫేళ్ళ దాకా ఆయన పేరున్న దసో సంస్థవే. రఫేల్ ఒంటి భాగాలను హైదరాబాద్‌లో తయారు చేయడానికి 2025 జూన్‌లో ఒప్పందం కూడా కుదిరింది.

1940 మేలో జర్మన్ కవచ దళాలు ఆర్డెన్స్ అడవుల ఇరుకు దారుల్లోంచి దిగాయి. ఫ్రెంచి నిఘా సిబ్బంది వాటిని చూశారు. రాత్రిపూట దీపాలు వెలిగించుకుని సాగుతున్న వాహనాల బారులు, పగలు ట్యాంకులు, నదులు దాటే సామగ్రి. ప్రాణాలకు తెగించి తక్కువ ఎత్తులో ఎగిరి చూసి వచ్చి చెప్పారు. పై అధికారుల చూపంతా బెల్జియం మైదానాల మీదే ఉంది, పెద్ద దెబ్బ అక్కడే పడుతుందని వాళ్ళ లెక్క. ఆ అడవిలోంచి అంత సైన్యం రాదనుకున్నారు. మార్న్ నాటికి విమానాలు నాసిరకం, విన్నవాడు గలియేని. ఈసారి వినవలసినవాళ్ళు తమ పటాన్నే నమ్ముకున్నారు. విమానాల లోటు ఎంత నిజమో ఇదీ అంతే నిజం. దీన్ని తేలిగ్గా దాటేసే చరిత్రలు ఆ సిబ్బందికి అన్యాయం చేస్తున్నాయనిపిస్తుంది.

ఆ సిబ్బందిలో ఒకడు ఆంత్వాన్ ద సెంతెక్సుపెరీ. ‘ది లిటిల్ ప్రిన్స్’ ఆయన తర్వాత రాశాడు. 1940లో ఆయన 2/33 నిఘా దళంలో కెప్టెన్, వయసు 39, బ్లోక్ 174 పైలట్. మే నెలలో ఓడిపోతున్న దేశం మీదుగా అరాస్ పట్టణం దాకా వెళ్ళి, విమానాన్ని తూట్లు పొడిపించుకుని తిరిగొచ్చాడు. ఆ ప్రయాణాన్నే పుస్తకంగా రాశాడు. మూడు వారాల్లో తమ దళంలోని 23 సిబ్బంది జట్లలో 17 పోయాయని అందులో లెక్క చెప్పాడు. ఆ జట్లు తెచ్చిన కబుర్లు అందుకునే కార్యాలయాలే అప్పటికి చెల్లాచెదురైపోయాయి.

నాలుగేళ్ళకు అదే దళంతో కోర్సికా నుంచి మళ్ళీ ఎగిరాడు. ఈసారి అమెరికన్ విమానం, లాక్‌హీడ్ ఎఫ్-5. ఒకప్పటి ఫైటరే, కానీ ముక్కులోంచి తుపాకులన్నీ తీసేసి ఆ చోట కెమెరాలు బిగించారు. 1944 జులై 31 ఉదయం బోర్గో రన్‌వే మీంచి ఆల్ప్స్ వైపు ఫొటోలకు బయల్దేరాడు. మార్సెయ్ దగ్గర సముద్రం అడుగున ఆ విమానం ముక్కలు 2000లో దొరికాయి, అవి ఆయన విమానానివేనని 2004లో తేలింది. ఆ ఉదయం ఆయన తీసిన ఫొటోలు ఎవరి బల్ల మీదికీ చేరలేదు.