కూర్చుంటేనే కుదిరే షాట్

పటాన్‌చెరు దాటేదాకా బస్సు కిటికీ తెరవలేరు. మందుల కంపెనీల ఘాటు, నక్కవాగు కంపు. ఇక్కడే పంటల పరిశోధన సంస్థ ఇక్రిశాట్ ప్రహరీ లోపల, చల్లటి గదుల్లో, లక్షకు పైగా విత్తన నమూనాలు భద్రంగా ఉన్నాయి. సంగారెడ్డి, సదాశివపేట దాటి జహీరాబాద్ దగ్గర దిగేసరికి కాళ్ల కింద ఎర్రనేల.

సంక్రాంతి వెళ్లింది. పాత పంటల జాతర ఊళ్లోకి వచ్చేసింది. ముందు డప్పులు, వెనక ఎడ్లబండ్లు. బండ్ల మీద కుండలు, గంపలు, వాటి నిండా కొర్రలు, సామలు, తైదలు, పచ్చజొన్నలు, అనుములు. ఆడవాళ్లు పాడుతూ నడుస్తున్నారు. దారివ్వబోతుంటే వాళ్లలో ఒకామె కొంగు దోపి, కెమెరా భుజానికెత్తి, మిమ్మల్ని దాటి ముందుకురుకుతుంది. ఇంతసేపూ పాట అందుకున్నది ఈమే.

ఈ జాతర జరిపేది, 1983లో మొదలైన డక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ. దానికి పస్తాపూర్ కేంద్రం. దాని సంఘాల్లోని దళిత రైతు మహిళలు 2001 నుంచి కమ్యూనిటీ మీడియా ట్రస్టు పేరుతో సినిమాలు తీస్తున్నారు. బడి మొహం చూడనివాళ్లు కెమెరా పట్టారు. 2002లో బీటీ పత్తికి అనుమతి రాగానే వరంగల్ చేలకు వెళ్లి, రైతుల గోడు పంటకాలం పొడుగునా చిత్రించారు. తర్వాత మాలి, దక్షిణాఫ్రికా పత్తిచేలకూ వెళ్లారు. వాళ్లలో హుమ్నాపూర్ లక్ష్మమ్మ సినిమాలు తీస్తే, ‘జనరల్’ నర్సమ్మ గొంతు 2008 అక్టోబర్ 15న మాచ్‌నూర్‌లో మొదలైన సంఘం రేడియోలో వినిపించింది.

ప్రదర్శన, వీడియో, రచన కలిపి పనిచేసే కళాకారులకు నగరాల్లో పెద్ద గ్యాలరీలున్నాయి. ఆ మూడూ ఇంత సహజంగా కలిసిన చోటు నాకు మాత్రం ఈ వీధే. రచనకు కాగితం లేదంతే. ఎవరిని ఏమడగాలో, దేని తర్వాత ఏది రావాలో నోటితోనే కూర్చుకుంటారు, పాట కట్టినట్టు.

అరుగు కింద ఒక ముసలమ్మ కొర్రలు చెరుగుతోంది. కెమెరా పట్టినామె గొంతుక్కూచుంటుంది. చాలదు. ఇంకాస్త ఒంగి, మోచేతులు మోకాళ్లకానించి, ముసలమ్మ కళ్లకు సమానంగా వచ్చాకే బటన్ నొక్కుతుంది. వాళ్ల భాషలో ఇది ‘సంఘం షాట్’. సంఘంలో అందరూ ఒకే చాప మీద కూర్చుంటారు కదా, చూపూ అక్కణ్నుంచే. పై నుంచి చూసే చూపు వాళ్లు తరతరాలుగా ఎరిగిందే.

“అవ్వా, చాట జెర ఇటు తిప్పు.”

పొట్టెగిరి లెన్సు మీద పడుతుంది. కొంగుతో తుడిచి మళ్లీ మొదలు. చాట అంచున గింజలు ఒకపక్కకు, రాళ్లు ఒకపక్కకు జారుతుంటాయి. ఆ చేతుల మీంచి కెమెరా కదలదు.

పనయ్యాక మీ వైపు తిరుగుతుంది.

“గట్ల నిలవడితె ఎట్ల? కూసోండ్రి.”

ఎర్రమట్టిలో చతికిలబడతారు. కెమెరా మీ కళ్ల ఎదురుగా ఉంది.

“మీ తాత ఏమేం పండిస్తుండె?”

“జొన్నలు, కందులు...”

“ఏ జొన్న?”