హైదరాబాద్ నగర జనాభా, ఎల్లలు: పురానాపూల్ నుంచి ఔటర్ దాకా

పురానాపూల్ అనేది హైదరాబాద్ పాతబస్తీకి పడమటి అంచున మూసీ నది మీదున్న రాతి వంతెన. చుట్టుపక్కల పేటకూ అదే పేరు. గోల్కొండ సుల్తాను ఇబ్రహీం కుతుబ్ షా కాలంలో, 1578లో దీన్ని కట్టారు. ఇరవై రెండు కమానుల మీద నిలిచిన ఈ వంతెన సుమారు 600 అడుగుల పొడవు, 35 అడుగుల వెడల్పు ఉంటుంది. హైదరాబాద్‌కు పునాది పడింది 1591లో కాబట్టి, ఊరికన్నా వంతెన పదమూడేళ్ళు పెద్దది. నాలుగున్నర శతాబ్దాల్లో ఈ నగరపు ఎల్లలు ఎటు జరిగాయో, జనం ఎలా పెరిగారో తెలుసుకోవడానికి పురానాపూల్‌కు మించిన చోటు లేదు. మొదట ఇది ఊరే లేని చోట ఏరు దాటించే బాట. తర్వాత కోటగోడకు పడమటి వాకిలి అయింది. ఆ తర్వాత మునిసిపాలిటీ లోపలి పేటగా మారి, ఇప్పుడు మహానగరం నడిబొడ్డున ఉంది.

వంతెన అవతల జనం, ఇవతల నగరం

గోల్కొండ కోట పదహారో శతాబ్దం రెండో సగానికే కిక్కిరిసిపోయింది. నీటి ఎద్దడి కూడా తోడైంది. కోట నుంచి తూర్పుగా మచిలీపట్నం రేవుకు పోయే బాట మీద సరుకు రవాణా పెరిగింది. ఆ బాటకు మూసీ అడ్డం. వంతెన అవసరం అక్కడే పుట్టింది. యువరాజు ముహమ్మద్ కులీ తన ప్రియురాలు భాగమతి కోసం వరదలో ఏరు దాటబోగా తండ్రి భయపడి వంతెన కట్టించాడనే కథ జనం నోట బాగా నలిగింది. అయితే వంతెన పూర్తయ్యేనాటికి ముహమ్మద్ కులీ వయసు పన్నెండు, పదమూడేళ్ళే. కథ ఎంత ఇంపైనా, వంతెనను కట్టించింది వర్తకమే అనుకోవడం సబబు.

1591లో ముహమ్మద్ కులీ కుతుబ్ షా, ఆయన పేష్వా మీర్ మోమిన్ అస్త్రాబాదీ మూసీకి దక్షిణాన కొత్త నగరానికి రూపం ఇచ్చారు. గోల్కొండ నుంచి పురానాపూల్ మీదుగా మచిలీపట్నం వైపు సాగే బాటను మరో బాట అడ్డంగా కలిసే చోట చార్మినార్‌ను నిలబెట్టారు.

పదిహేడో శతాబ్దంలో వచ్చిన ఫ్రెంచి వజ్రాల వ్యాపారి తవెర్నియే ఈ వంతెన అందాన్ని పారిస్‌లోని పాఁ నఫ్ వంతెనతో పోల్చాడు. అతను రాసినవాటిలో అందరూ తలుచుకునే మాట అదే. నగర చరిత్రకు అంతకన్నా విలువైన సంగతి మరొకటి కూడా అతని రాతల్లో ఉంది. గోల్కొండ వైపు నుంచి వచ్చేవారికి వంతెనకు ముందే ఒక పెద్ద శివారు తగిలేదట. వర్తకులు, దళారులు, చేతిపనివారు, మామూలు జనమంతా అక్కడే ఉండేవారట. వంతెన దాటాక అసలు నగరంలో ఉన్నది గొప్పింటివాళ్ళు, కొలువు ఉద్యోగులు, సైనికులే. వర్తకులు పొద్దు బాగా ఎక్కాక నగరంలోకి వచ్చి బేరాలు చేసుకుని, సాయంత్రానికి తిరిగి ఇళ్ళకు పోయేవారు. ఆ శివారే ఇప్పటి కార్వాన్ ప్రాంతం. 1671 నాటి టోలీ మసీదు ఇప్పటికీ అక్కడ ఉంది. నగరంలో పని, శివార్లలో ఇల్లు అనే ఏర్పాటు హైటెక్ సిటీతో వచ్చిందనుకుంటాం గానీ, ఆ రాకపోకలు పురానాపూల్ మీద మూడున్నర శతాబ్దాల కిందటే ఉన్నాయి. నగరాన్ని నడిపించే జనం నగరపు లెక్కలో లేకపోవడం కూడా అప్పటి నుంచే ఉంది.

ఆరు మైళ్ళ గోడ

1687లో ఔరంగజేబు గోల్కొండను గెలిచాక రాజధాని హోదా పోయింది, నగరం చిక్కిపోయింది. చివరి మొఘల్ సుబేదారు ముబారిజ్ ఖాన్ 1720లలో నగరం చుట్టూ రాతి ప్రాకారం మొదలుపెట్టాడు. 1724లో అతన్ని ఓడించి స్వతంత్రుడైన మొదటి నిజాం అసఫ్ జా, 1740 ప్రాంతంలో దాన్ని పూర్తి చేయించాడు. చుట్టుకొలత ఆరు మైళ్ళు. లోపలి విస్తీర్ణం రెండుంపావు చదరపు మైళ్ళు, అంటే ఆరు చదరపు కిలోమీటర్లకు కాస్త తక్కువ. హైదరాబాద్‌కు కంటికి కనిపించే ఎల్ల మొదటిసారి ఏర్పడింది అప్పుడే. దర్వాజాల్లో మిగిలినవి రెండు, పురానాపూల్ దర్వాజా, దబీర్‌పురా దర్వాజా. లాల్ దర్వాజా, ఫతే దర్వాజా లాంటివి బస్తీల పేర్లుగా మాత్రమే మిగిలాయి.

గోడ లేచేనాటికే కార్వాన్ దాని బయట ఉంది. తర్వాత బేగంబజార్ కూడా ఏటికి అవతలే పెరిగింది. పంతొమ్మిదో శతాబ్దంలో అసలు బరువంతా ఉత్తరానికి జరిగింది. 1798 ఒప్పందంతో వచ్చిన బ్రిటిష్ సేనల విడిది 1806లో సికింద్రాబాద్ అయింది. అదే కాలంలో కోఠీలో రెసిడెన్సీ భవనం లేచి, చుట్టూ బజార్లు వెలిశాయి. 1831లో చాదర్‌ఘాట్ వంతెన, ఆ తర్వాత అఫ్జల్‌గంజ్, ముసల్లం జంగ్ వంతెనలు కట్టడంతో నగరానికి పడమటి వాకిలి ఒక్కటే గతి కాకుండా పోయింది. 1874లో సికింద్రాబాద్‌కు రైలు రావడంతో మచిలీపట్నం బాటకున్న ప్రాధాన్యం కూడా తగ్గింది.

లెక్కల కాలం

మొదటి సాలార్ జంగ్ దివాన్‌గా ఉండగా 1869లో మునిసిపల్ శాఖ ఏర్పడింది. హైదరాబాదీలు ఇప్పటికీ బల్దియా అని పిలిచే సంస్థకు మూలం అదే. నగరాన్ని నాలుగు భాగాలు, శివార్లను ఐదు భాగాలు చేశారు. ఏటికి ఉత్తరాన ఇళ్ళు పెరిగాక 1886లో చాదర్‌ఘాట్‌కు వేరే మునిసిపాలిటీ పెట్టారు. సికింద్రాబాద్, రెసిడెన్సీ బజార్లు ఇంగ్లీషువాళ్ళ చేతిలో ఉన్నాయి. చూడటానికి ఒకటే ఊరు, పాలించే చేతులు మాత్రం నాలుగు.

1901 జనగణనలో ‘హైదరాబాద్’ జనాభా 4,48,466. దేశంలో నాలుగో పెద్ద నగరం అనిపించింది ఈ అంకెతోనే. అయితే ఇందులో రెసిడెన్సీ బజార్లు, సికింద్రాబాద్, బొల్లారం దండు ప్రాంతాలు కూడా కలిసి ఉన్నాయి. నగర జనాభా ఎంత అని అడిగేముందు ఏది నగరం అని అడగాలి. అప్పుడూ ఇప్పుడూ హైదరాబాద్ లెక్కల్లోని చిక్కంతా ఇక్కడే ఉంది.

1908 సెప్టెంబరు 28 మూసీ వరద ఈ చరిత్రలో పెద్ద మలుపు. ఒక్క రోజులో వేల ప్రాణాలు పోయాయి. పదిహేను వేల మంది అని సాధారణంగా చెబుతారు. మిగిలిన వంతెనలు కొట్టుకుపోయినా, అన్నిటికన్నా పాతదైన పురానాపూల్ దెబ్బతిని కూడా నిలబడింది. నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. ఆయన సూచనల ఫలితంగా ఎగువన 1920లో ఉస్మాన్‌సాగర్, 1927లో హిమాయత్‌సాగర్ పూర్తయ్యాయి. 1912లో ఏర్పడిన సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఇరుకు బస్తీలు తీసేసి రోడ్లు వెడల్పు చేసింది, పత్తర్‌గట్టీ బజారు కట్టింది. నది ఒడ్డున హైకోర్టు, ఉస్మానియా ఆస్పత్రి, సిటీ కాలేజీ లేచాయి. గోడ కొంత వరదతో, కొంత రోడ్ల పనితో కనుమరుగైంది. అప్పటికి పాలకులకే గోడలోపల ఉండాలన్న పట్టింపు లేదు. ఏడో నిజాం కాపురం గోడలోపలి చౌమహల్లా ప్యాలెస్‌లో కాకుండా ఏటికి ఉత్తరాన కింగ్ కోఠీలో సాగింది.

జనాభా పెరగడం తప్ప ఎరగదనుకునే ఈ నగరం ఒక దశాబ్దంలో తగ్గింది కూడా. 1911లో ఐదు లక్షలున్న జనం 1921 నాటికి నాలుగు లక్షలకు పడిపోయారు. 1911 నుంచి విరుచుకుపడ్డ ప్లేగు, 1918 ఇన్‌ఫ్లూయెంజా అంత పని చేశాయి. ఐదుగురిలో ఒకరు లేకుండా పోయిన ఆ పదేళ్ళ గురించి మన నగర చరిత్రలు రెండు వాక్యాలతో సరిపెట్టడం అన్యాయం. వరదకు ఉన్న గుర్తింపు ఆ రోగాలకు లేదు.

తర్వాత పెరుగుదల వేగంగా సాగింది. 1941లో 7.39 లక్షలు, 1951లో దాదాపు 11 లక్షలు. జిల్లాల నుంచి బతుకుతెరువుకు వచ్చినవారు, 1948 ముందూ వెనకా కల్లోలాల్లో ఊళ్ళు వదిలి వచ్చినవారు ఈ లెక్కలో ఉన్నారు. పాలన కూడా ఒక్కటవుతూ వచ్చింది. 1933లో చాదర్‌ఘాట్, హైదరాబాద్ మునిసిపాలిటీలు కలిశాయి. రెసిడెన్సీ బజార్లు ఆ ఏడే నిజాం చేతికి తిరిగొచ్చాయి. 1950లో హైదరాబాద్, సికింద్రాబాద్ విడివిడిగా కార్పొరేషన్లయ్యాయి. 1960లో రెండూ ఒకటయ్యాయి. కంటోన్మెంట్ మాత్రం వేరుగానే ఉండిపోయింది.

శివార్లే నగరమైన కాలం

1956లో ఆంధ్రప్రదేశ్ రాజధాని అయ్యాక ఉద్యోగులు వచ్చారు. 1960లలో ఐడీపీఎల్, బీహెచ్ఈఎల్, ఈసీఐఎల్ లాంటి కేంద్ర ప్రభుత్వ పరిశ్రమలు వచ్చాయి. అవన్నీ అప్పటి కార్పొరేషన్ ఎల్లల బయట, ఉత్తరాన, పడమరన వెలిశాయి. కార్మికుల కాలనీలు వాటి వెంటే లేచాయి. విశాఖపట్నం ఒక పక్క సముద్రం, మరో పక్క కొండలు ఉండటంతో తీరం వెంట బారుగా పెరగక తప్పలేదు. దక్కను పీఠభూమి మీది హైదరాబాద్‌కు ఆ అడ్డు లేక నాలుగు దిక్కులా పాకింది. అడ్డుగా ఉన్న చెరువులను కూడా చాలాచోట్ల పూడ్చుకుంటూ పోయింది.

1975లో పట్టణాభివృద్ధి సంస్థ ‘హుడా’ ఏర్పడింది. 1978లో పాత హైదరాబాద్ జిల్లాను చీల్చి, నగరం చుట్టూ ఉంగరంలా రంగారెడ్డి జిల్లా చేశారు. పాతబస్తీ కోసం 1981లో కులీ కుతుబ్ షా పట్టణాభివృద్ధి సంస్థ వచ్చింది. 1980లలో కూకట్‌పల్లి, మల్కాజిగిరి, ఎల్బీనగర్ లాంటి శివారు గ్రామాలు మునిసిపాలిటీలయ్యాయి. ఇక అంకెలు ఎగిశాయి. మహానగర జనాభా 1981లో సుమారు 25 లక్షలు, 1991లో 43 లక్షలు. ఆ పదేళ్ళలో 18 లక్షలు పెరిగారని రాయడం తేలిక, కానీ సరికాదు. 1991లో కార్పొరేషన్ లోపల ఉన్నది సుమారు 30 లక్షలే. మిగతా వారిలో చాలామంది ముందునుంచీ ఆ ఊళ్ళలో ఉన్నవారే. జనంతోపాటు గీత కూడా జరిగింది.

1998లో హైటెక్ సిటీలో సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక పడమర దిక్కు పూర్తిగా మారిపోయింది. 2007 ఏప్రిల్ 16న పన్నెండు మునిసిపాలిటీలు, ఎనిమిది గ్రామ పంచాయతీలు కలిసి గ్రేటర్ హైదరాబాద్ మహానగర పాలక సంస్థ ఏర్పడింది. సుమారు 170 చదరపు కిలోమీటర్ల కార్పొరేషన్ ఒక్క ఉత్తర్వుతో 600 దాటింది. మరుసటి ఏడు హుడా స్థానంలో వచ్చిన హెచ్ఎండీఏ పరిధి ఏడు వేల చదరపు కిలోమీటర్ల పైమాట. చుట్టూ 158 కిలోమీటర్ల ఔటర్ రింగ్ రోడ్డు కట్టారు. ఆరు మైళ్ళ గోడ తర్వాత నగరానికి మళ్ళీ ఒక అంచు అంటూ కనిపించింది ఈ రోడ్డుతోనే.

పాతబస్తీ వాటా

2011 జనగణన ప్రకారం మహానగర ప్రాంతంలో 77 లక్షల మంది ఉన్నారు. అసలు కథ జిల్లాల లెక్కలో ఉంది. 2001-2011 మధ్య హైదరాబాద్ జిల్లా జనాభా పెరిగింది 2.97 శాతం, రంగారెడ్డి జిల్లాది 48.16 శాతం. నడి నగరం దాదాపు ఆగిపోయింది, చుట్టూ ఉన్న ఉంగరం ఉబ్బింది. నడి నగరంలో చదరపు కిలోమీటరుకు పద్దెనిమిది వేల మందికి పైగా ఉన్నారు. అన్నదమ్ములు పంచుకున్న ఇంటి మీద మరో అంతస్తు వేయడమో, చాంద్రాయణగుట్ట అవతలికో శంషాబాద్ దారికో పోవడమో తప్ప కొత్త సంసారానికి చోటు లేదు.

పురానాపూల్ చుట్టూ ఈ ఒత్తిడి కంటికి కనిపిస్తుంది. వాహనాలు పక్కనే కట్టిన కొత్త వంతెన మీద పోతాయి. పాత వంతెన కూరగాయల బజారైంది. ఒక పక్క జియాగూడ, కార్వాన్, మరో పక్క వినాయక విగ్రహాలకు పేరుపడ్డ ధూల్‌పేట. ఎగువ జలాశయాలు నిలవరించిన మూసీ సన్నని మురుగుపాయగా మారడంతో, దిగువన చాదర్‌ఘాట్ వైపు నది గర్భంలోనే పేదలు ఇళ్ళు కట్టుకున్నారు. 2024లో ప్రభుత్వం ఆ ఇళ్ళకు కూల్చివేత గుర్తులు వేసి కొన్నింటిని ఖాళీ చేయించింది. 2025 సెప్టెంబరు చివర్లో ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ జంట జలాశయాల గేట్లు ఎత్తినప్పుడు మహాత్మాగాంధీ బస్ స్టేషన్‌లోకే నీళ్ళొచ్చాయి. మునిసిపల్ గీతలు ఎన్నిసార్లు మార్చినా, నది హద్దు 1908లో ఎక్కడుందో దాదాపు అక్కడే ఉంది. దాన్ని పటం మీద ముందే గుర్తించి ఉంటే, ఆ ఇళ్ళలోని కూలీనాలీ జనం గుర్తులు చూసుకుని గుండెలు బాదుకునే గతి పట్టేది కాదు.

2025 నవంబరులో రాష్ట్ర మంత్రివర్గం ఔటర్ లోపల, దాన్ని ఆనుకుని ఉన్న 27 పురపాలక సంస్థలను గ్రేటర్‌లో కలపాలని నిర్ణయించింది. డిసెంబరులో అది అమలై విస్తీర్ణం రెండు వేల చదరపు కిలోమీటర్లు దాటింది. డివిజన్లు 150 నుంచి 300 అయ్యాయి. తర్వాతి జనగణన కోసం పాలనా సరిహద్దుల మార్పులను 2025 డిసెంబరు 31లోగా ముగించాలని కేంద్రం చెప్పడం ఈ తొందరకు ఒక కారణం. ఆ జనగణనలో తలల లెక్కకు ఆధార తేదీ 2027 మార్చి 1. అప్పుడు వచ్చే అంకెను 2011 అంకె పక్కన నేరుగా పెట్టడం కుదరదు. పాత వార్డుల వారీగా విడదీసి చూస్తేనే పురానాపూల్ లాంటి పేటల్లో జనం పెరిగారో, తరలిపోయారో తెలుస్తుంది.