ఎ. శ్రీకర్ ప్రసాద్

అక్కినేని శ్రీకర్ ప్రసాద్ భారతీయ చలనచిత్ర ఎడిటర్. తెలుగు, తమిళం, మలయాళం, హిందీ, అస్సామీ, సింహళ భాషల చిత్రాలకు కూర్పు చేశారు. హాస్యం, ప్రేమకథ, నేరకథ, చారిత్రకం, సమాంతర సినిమా అన్న తేడా లేకుండా పనిచేయడం ఆయన ప్రత్యేకత.

నేపథ్యం

తండ్రి అక్కినేని సంజీవి ఎడిటర్, దర్శకుడు, దర్శక నిర్మాత ఎల్.వి. ప్రసాద్ సోదరుడు. మద్రాసు విశ్వవిద్యాలయంలో సాహిత్యం చదివిన శ్రీకర్ ప్రసాద్, తండ్రి దగ్గర తెలుగు సినిమాలకు పనిచేస్తూ ఎడిటింగ్ నేర్చుకున్నారు. అప్పట్లో ఫిల్మును చేత్తో కోసి అతికించేవారు. ఒక కట్ మార్చాలంటే అతుకు విప్పి మళ్లీ వేయాల్సిందే. ఆ తరంలో పని నేర్చి, కంప్యూటర్ ఎడిటింగ్‌కు మారి, రెండు కాలాల్లోనూ నిలిచిన వారిలో ఆయన ఒకరు.

తొలి గుర్తింపు

ఆమిర్ ఖాన్ నటించిన హిందీ చిత్రం ‘రాఖ్’ (1989) ఆయనకు ఉత్తమ ఎడిటర్‌గా తొలి జాతీయ పురస్కారం తెచ్చింది. దాని ఛాయాగ్రాహకుడు సంతోష్ శివన్. సంగీత్ శివన్ దర్శకత్వంలోని మలయాళ చిత్రం ‘యోధ’ (1992)కూ శ్రీకర్, సంతోష్ ఇద్దరూ పనిచేశారు. తర్వాత సంతోష్ శివన్ స్వయంగా దర్శకత్వం వహించిన ‘ది టెర్రరిస్ట్’ (1998)కు శ్రీకర్ మళ్లీ జాతీయ పురస్కారం అందుకున్నారు. ఆత్మాహుతి దాడికి సిద్ధమైన యువతి కథ అది. మాటలు తక్కువ; ఆమె ముఖాన్ని ఎంతసేపు చూపాలన్న నిర్ణయం మీదే కథనం నడుస్తుంది. అస్సామీ చిత్రం ‘రాగ్ బిరాగ్’, జోసెఫ్ గిన్నెస్‌తో కలిసి కూర్చిన మలయాళ చిత్రం ‘వానప్రస్థం’ కూడా జాతీయ పురస్కారాలు పొందాయి.

ప్రధాన స్రవంతిలో

దర్శకుడు మణిరత్నంతో అనుబంధం ‘అలైపాయుదే’ (2000, తెలుగులో ‘సఖి’)తో మొదలైంది. అందులో భార్య కోసం ఎదురుచూసే భర్త వర్తమానంలోకి వారి ప్రేమకథ గతంగా వచ్చి చేరుతుంది. ‘ఆయుధ ఎళుత్తు’ (2004, తెలుగులో ‘యువ’)లో ఒక వంతెన మీది ఘటన ముగ్గురు యువకుల కథలను కలుపుతుంది. ‘కన్నత్తిల్ ముత్తమిట్టాల్’ (2002)కు ఆయనకు జాతీయ పురస్కారం దక్కింది. హిందీలో ‘దిల్ చాహ్‌తా హై’ (2001), ఒకే జంట హత్యల కేసును వేర్వేరు దర్యాప్తుల కోణాల్లో చూపిన ‘తల్వార్’ (2015) ఆయన కూర్చినవే.

తెలుగులో ‘నువ్వు నాకు నచ్చావ్’ (2001), ‘ఒక్కడు’ (2003), ‘అతడు’ (2005) ఆయన పరిధికి నిదర్శనాలు. మొదటిది సంభాషణల హాస్యం: పంచ్ పడ్డాక ఎదుటివారి ముఖం మీదకు కొంచెం ముందు కట్ చేసినా, కొంచెం ఆలస్యం చేసినా నవ్వు చచ్చిపోతుంది. రెండోదానికి వేటాడే పరుగు కావాలి. మూడోదానిలో యాక్షన్, కుటుంబ సన్నివేశాలు ఒకే కథలో ఇమడాలి.

శైలి, స్థానం

57వ జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో (2009 చిత్రాలకు) మూడు సినిమాలకు కలిపి ఆయనకు ప్రత్యేక జ్యూరీ పురస్కారం ఇచ్చారు. అవి: కవల సోదరుల నేరకథ ‘కమీనే’, యుద్ధ చారిత్రకం ‘కేరళ వర్మ పళశిరాజా’, ఒక మనిషి జీవితాన్ని ముగ్గురు స్త్రీల మాటల్లో చెప్పే ‘కుట్టి స్రాంక్’. వీటి నడక ఒకదానితో ఒకటి పోలదు. ఇది ఫలానా ఎడిటర్ పని అని ప్రేక్షకుడు గుర్తుపట్టే ముద్ర వేయకుండా, ఏ కథకు తగిన లయను ఆ కథకే ఇవ్వడం ఆయన పద్ధతి.

2022లో విడుదలైన ‘ఆర్‌ఆర్‌ఆర్’కు, ‘పొన్నియిన్ సెల్వన్’ తొలి భాగానికి ఎడిటర్ ఆయనే. అదే ఏడాది ప్రకటించిన 68వ జాతీయ పురస్కారాల్లో ఉత్తమ ఎడిటర్‌గా ఎంపికైంది మాత్రం ముగ్గురు సామాన్య స్త్రీల కథలు చెప్పిన తమిళ చిత్రం ‘శివరంజనియుం ఇన్నుం సిల పెణ్‌గళుం’కు.