దీపక రాగం

గానంతోనే దీపాలను వెలిగిస్తుందని ఐతిహ్యం చెప్పే హిందుస్తానీ రాగం. హనుమన్మతం అనే రాగ వర్గీకరణ సంప్రదాయం లెక్కించిన ఆరు పురుష రాగాల్లో ఒకటి. తక్కినవి భైరవ్, మాల్కౌన్స్, హిందోళ్, శ్రీ, మేఘ్. రాగమాల చిత్రకారులు దీన్ని వెలుగుతున్న దీపాల నడుమ కూర్చున్న నాయకుడిగా గీశారు. కొన్ని చిత్రాల్లో అతని తలపైనే జ్వాల లేస్తుంది.

ప్రసిద్ధమైన కథ అక్బరు ఆస్థాన గాయకుడు తాన్‌సేన్‌ది. పాదుషా కోరగా దీపక్ పాడాడట. దివ్వెలు వాటంతటవే వెలిగాయి, కానీ ఆ వేడి గాయకుడి ఒంట్లోనే నిలిచిపోయింది. గుజరాత్‌లోని వడ్‌నగర్‌లో తానా, రీరీ అనే అక్కాచెల్లెళ్లు మల్హార్ పాడి వాన కురిపించాకే ఆ తాపం చల్లారింది. దీపాలు వెలగడం కన్నా ఈ మలిభాగమే కథకు ప్రాణం: ఇక్కడ నాదానికి మూల్యం గాయకుడి దేహమే, విరుగుడు మరో రాగమే. ఆ ఊళ్లో అక్కాచెల్లెళ్ల స్మారకం ఉంది. వారి పేరిట సంగీతోత్సవమూ జరుగుతుంది.

1943 నాటి హిందీ చిత్రం ‘తాన్‌సేన్’లో ఆ గాయకుడి పాత్రను కె.ఎల్. సైగల్ ధరించాడు.

దీపక్‌ను నేడు అరుదుగా పాడతారు. దాని స్వరూపం గురించీ ఏకాభిప్రాయం లేదు. బిలావల్, పూర్వీ థాట్‌లలో వేర్వేరు రూపాలు కనిపిస్తాయి. కర్ణాటక సంగీతంలోని దీపకం వేరు. అది 51వ మేళకర్త కామవర్ధని జన్యం. త్యాగరాజు తెలుగు కృతి ‘కలలనేర్చిన’ ఈ రాగంలోనిదే.